ఫారెస్టర్ ప్రొపెల్లర్ షాఫ్ట్ దింపి చూశాం

కారు కిందికి దూరి, ప్రొపెల్లర్ షాఫ్ట్‌ని రెండు చేతులతో పట్టుకుని ఊపి, "లూజేమీ లేదు, బాగానే ఉంది" అని తేల్చేస్తుంటారు. మా 2011 సుబారు ఫారెస్టర్‌కీ అదే సర్టిఫికెట్ ఇచ్చారు. షాఫ్ట్ దింపి చేతిలోకి తీసుకున్నాక తెలిసింది, దాని వెనక జాయింట్ ఎప్పుడో పోయిందని. ఆల్ వీల్ డ్రైవ్ బండి (నాలుగు చక్రాలకీ ఇంజన్ బలం అందేది) వాడేవాళ్లు, అందులోనూ మంచు, ఉప్పు ఉండే ఊళ్లలో ఉన్నవాళ్లు, టైర్లనీ బేరింగులనీ డబ్బు పోసే ముందు ఈ షాఫ్ట్‌ని దింపి చూడాలని నా గట్టి అభిప్రాయం. చూడ్డానికి పార్టులేమీ కొనక్కర్లేదు. ఓ పూట పని, అంతే.

నేను చెబుతున్నది ముందు చక్రాల్ని తిప్పే పొట్టి షాఫ్టులు, సీవీ యాక్సిళ్ల గురించి కాదు. గేర్‌బాక్స్ తోక దగ్గర మొదలై, బండి పొడుగునా వెళ్లి, వెనక డిఫరెన్షియల్‌కి, అంటే వెనక రెండు చక్రాలకీ బలం పంచే గేర్ల పెట్టెకి, బిగిసే గొట్టం గురించి. ఫారెస్టర్‌లో అది రెండు ముక్కలుగా ఉంటుంది. మధ్యలో సెంటర్ బేరింగ్ దాన్ని బాడీకి పట్టి ఉంచుతుంది. ముందు చివర స్లిప్ యోక్ (లోపలికీ బయటికీ జారే కొస) గేర్‌బాక్స్‌లోకి దూరి ఉంటుంది, వెనక చివర ఫ్లాంజ్‌కి, అంటే బిగించే పళ్లేనికి, నాలుగు బోల్టులు. ముందు, మధ్య, వెనక ఒక్కో క్రాస్ జాయింట్, షాఫ్ట్ కాస్త వంగి తిరగడానికి. ప్లస్ గుర్తులాంటి ఇనుప క్రాస్, దాని నాలుగు కాళ్లకి నాలుగు కప్పులు, అదే ఆ జాయింట్.

మేముండేది మిషిగన్‌లో, డెట్రాయిట్ శివార్లలో. డెట్రాయిట్ నగరం కింద వెయ్యి అడుగులకు పైగా లోతున పెద్ద ఉప్పు గని ఉంది. చలికాలం రోడ్ల మీద చల్లే ఉప్పు అందులోంచీ తీస్తారు. మంచు కరిగి ఉప్పునీళ్లు బండి అడుగుభాగమంతా పట్టేస్తాయి. పైన పెయింటు నిగనిగలాడుతున్న బండిని జాకీ మీద ఎక్కించి చూస్తే కింద బోల్టు తలలు తుప్పుపట్టి గుండ్రంగా అరిగిపోయి ఉంటాయి. ఇక్కడి మెకానిక్కులు సగం బతుకు ఆ బోల్టులతోనే పోరాడుతుంటారు.

నా ఉద్యోగం శబ్దం, వైబ్రేషన్ కొలిచే పని. మా నాన్న బెజవాడ ఆటోనగర్‌లో లారీల మెకానిక్‌గా పనిచేసి రిటైరయ్యారు. ఈ వేసవిలో అమ్మా నాన్నా మా దగ్గరికి వచ్చారు. నాన్న కారెక్కిన మొదటి రోజే, ఎయిర్‌పోర్టు నుంచి ఇంటికి వస్తుంటే, "కింద ఏదో మూలుగుతోంది అమ్మాయ్" అన్నారు.

ఆ మూలుగు నాకూ తెలుసు. నలభై, యాభై మైళ్ల వేగం మధ్యలో సీటు కింద సన్నటి జుమ్మనే వణుకు, దాంతోపాటు చెవుల్ని నొక్కినట్టుండే చప్పుడు. స్టీరింగ్ మాత్రం నిలకడగా ఉంటుంది. ఒక షాపులో నాలుగు టైర్లూ మార్చమన్నారు. ఇంకో చోట వెనక వీల్ బేరింగులన్నారు. రెండు చోట్లా షాఫ్ట్‌ని ఊపి చూసి బాగుందనే అన్నారు.

టైరు కాదని నాకు నమ్మకం కలిగించింది లెక్క. మా టైరు ఒక చుట్టు తిరిగితే బండి రెండు మీటర్ల పైచిలుకు ముందుకెళుతుంది. అంటే 45 మైళ్ల వేగంలో చక్రం సెకనుకి తొమ్మిది చుట్లకు కాస్త పైగా తిరుగుతుంది. టైరు బ్యాలెన్స్ పోతే వచ్చే వణుకు ఆ లెక్కలోనే, తొమ్మిది పది హెర్ట్జ్ (సెకనుకి అన్నిసార్లు) దగ్గర ఉంటుంది. అది ఊపినట్టు ఉంటుందే గానీ జుమ్మనదు. ప్రొపెల్లర్ షాఫ్ట్ చక్రం కంటే నాలుగు రెట్లకు పైగా వేగంగా తిరుగుతుంది, ఎందుకంటే వేగం తగ్గించే గేర్ల జంట, క్రౌన్, పీనియన్, వెనక డిఫరెన్షియల్లో, షాఫ్ట్ తర్వాత ఉన్నాయి. కాబట్టి అదే 45 మైళ్ల దగ్గర షాఫ్ట్ లెక్క సుమారు 40 హెర్ట్జ్. క్రాస్ జాయింట్ తేడా చేస్తే ఒక్కో చుట్టుకి రెండుసార్లు కొడుతుంది, అంటే సుమారు 80.

ఫోన్‌లో వైబ్రేషన్ కొలిచే యాప్ పెట్టి, ఫోన్‌ని సీటు పట్టాల దగ్గర నేలకి టేపు వేసి అతికించాను. నాన్న పక్కన కూర్చున్నారు. ఖాళీగా ఉన్న తిన్నటి రోడ్డు మీద 45 దగ్గర నిలకడగా పోనిచ్చాను. గ్రాఫ్‌లో 40 హెర్ట్జ్ దగ్గర చిన్న మొన, 80 దగ్గర దానికి మూడింతల మొన. తొమ్మిది దగ్గర చెప్పుకోదగ్గదేమీ లేదు. అదే వేగంలో న్యూట్రల్‌లోకి వేసి యాక్సిలరేటర్ వదిలేసినా వణుకు అలాగే ఉంది. ఇంజన్ ఐడిల్‌కి పడిపోయినా వణుకు తగ్గలేదంటే తప్పు ఇంజన్‌ది కాదు, దాని మౌంటింగులదీ కాదు. రోడ్డు వేగంతో తిరిగేవాటిలోనే ఉంది. మీ దగ్గర యాప్ లేకపోయినా ఈ న్యూట్రల్ పరీక్ష చేయొచ్చు. పక్కన ఇంకో మనిషిని కూర్చోబెట్టుకుని, రోడ్డు ఖాళీగా ఉన్నప్పుడే చేయండి.

"అయితే షాఫ్టే. దింపుదాం" అన్నారు నాన్న.

దింపే ముందు బండిని ఎలా నిలబెట్టాలన్నది తేల్చుకోవాలి, ఇందులో తొందర పనికిరాదు. మేం వెనక భాగం మాత్రమే లేపాం. స్లిప్ యోక్ బయటికి లాగగానే గేర్‌బాక్స్ తోక నుంచి ఆటోమేటిక్ ట్రాన్స్‌మిషన్ ఆయిల్ కారుతుంది. వెనక ఎత్తుగా ఉంటే ఆయిల్ ముందుకి సర్దుకుంటుంది, కారేది తక్కువ. కానీ ఇక్కడే ఒక ప్రమాదముంది. హ్యాండ్ బ్రేక్ పట్టేది వెనక చక్రాల్ని, అవి ఇప్పుడు గాల్లో ఉన్నాయి. అంటే హ్యాండ్ బ్రేక్ బండిని ఆపదు. బండి నిలిచేది నేల మీదున్న ముందు చక్రాల మీద, వాటికి రెండు వైపులా వేసిన అడ్డుకట్టెల మీద. పార్క్‌లో పెట్టాం, నాలుగు కట్టెలు వేశాం, జాకీ తీసేసి స్టాండ్ల మీదికి దించాం, విప్పిన వెనక చక్రాల్ని రెండు వైపులా బాడీ కిందికి తోశాం. ఆ తర్వాత బండిని పక్కనుంచి గట్టిగా తోసి చూశాను. కదల్లేదు. అప్పటిదాకా నాన్నని కిందికి వెళ్లనివ్వలేదు.

వెనక చక్రాలు విప్పేసినా హ్యాండ్ బ్రేక్ ఇంకోలా పనికొచ్చింది. బ్రేక్ లాగితే షాఫ్ట్ తిరగదు, ఫ్లాంజ్ బోల్టుల మీద బలం పెట్టొచ్చు. వదిలితే షాఫ్ట్‌ని చేత్తో తిప్పి తర్వాతి బోల్టుని కిందికి తెచ్చుకోవచ్చు. ఒకరు లోపల కూర్చుని బ్రేక్ లాగుతూ వదులుతూ ఉంటే పని చకచకా సాగుతుంది. ఆ పని అమ్మ చేసింది.

"ముందు గుర్తు పెట్టావా?" నాన్న కింద పడుకుని అడిగిన మొదటి మాట ఇదే.

"పెట్టాను నాన్నా, తెల్ల పెయింటుతో."

"నూనె తగిలితే పెయింటు నిలవదు తల్లీ. సన్నగా గీత కూడా గియ్యి."

గీశాను. ఫ్లాంజ్ మీద, దాని జంట మీద, ఒకే వరసలో. క్రాస్ జాయింట్ కాస్త వంగి తిరిగేటప్పుడు, ఇటు నుంచి సమవేగంతో తిప్పినా అటు చివర ఒక్కో చుట్టులో రెండుసార్లు వేగం పెరిగి, రెండుసార్లు తగ్గుతుంది. వంపు ఐదు డిగ్రీలే అయితే ఆ తేడా అర శాతం కూడా ఉండదు, కానీ వేగంగా తిరిగే గొట్టానికి అది చాలు. ఆ హెచ్చుతగ్గుల్ని రెండో జాయింట్ సరిగ్గా వ్యతిరేకంగా తిప్పికొట్టేలా యోకుల్ని (క్రాస్‌ని పట్టి ఉంచే కొమ్ముల్ని) ఒక వరసలో పెట్టి షాఫ్ట్ తయారుచేస్తారు. దానికితోడు షాఫ్ట్‌నీ ఫ్లాంజ్‌నీ ఫ్యాక్టరీలో ఎలా కూర్చారో అలాగే మళ్లీ కూరిస్తేనే బ్యాలెన్స్ నిలుస్తుంది. లారీల్లో నాన్నవాళ్లు ఉలితో రెండు చుక్కలు కొట్టేవాళ్లట. ఏ గుర్తూ లేకుండా విప్పిన షాఫ్ట్‌ని మళ్లీ బిగిస్తే, కొత్త వణుకు వచ్చినప్పుడు అది పాత జబ్బో, మనం తెచ్చిపెట్టిందో తేలదు.

షాఫ్ట్ దాకా వెళ్లాలంటే ముందు సైలెన్సర్ గొట్టం వెనక భాగం, దాని పైనున్న వేడి తగలకుండా ఆపే రేకు తీయాలి. మిషిగన్‌లో అసలు పని ఇదే. స్ప్రింగు బోల్టులకి తుప్పు వదిలించే నూనె ముందు రోజు సాయంత్రమే కొట్టి ఉంచాం, పొద్దున లేచి మళ్లీ కొట్టాం. "గ్యాస్ మంట ఉంటే ఎర్రగా కాల్చి విప్పేసేవాణ్ని" అన్నారు నాన్న. పక్కనే పెట్రోల్ ట్యాంకు ఉంది, అక్కడ మంట మాటే ఎత్తకూడదు. ఆయన ఇంకో పద్ధతి చూపించారు. విప్పే ముందు బోల్టుని కొంచెం బిగించే వైపే లాగాలి. తుప్పు టప్పున విడిపోయిన చప్పుడు వచ్చాక వెనక్కి తిప్పాలి, బిగుసుకుంటే మళ్లీ ముందుకి, మళ్లీ వెనక్కి. ఆరు మూలల సాకెట్టే వాడాలి, పన్నెండు మూలలది తుప్పు తలని జారిపోయేలా చేస్తుంది. రెండు బోల్టులూ తెగకుండా వచ్చాయి.

మిగతాది సులువే. వెనక ఫ్లాంజ్ నాలుగు బోల్టులు, సెంటర్ బేరింగ్ రెండు బోల్టులు. వెనకది విప్పాక షాఫ్ట్‌ని కిందికి వేలాడనివ్వకూడదు. ఆ బరువంతా జాయింట్ మీద, గేర్‌బాక్స్ సీల్ మీద పడుతుంది. నేను వెనక చివర పట్టుకుంటే నాన్న సెంటర్ బేరింగ్ దించారు, ఇద్దరం కలిసి తిన్నగా వెనక్కి లాగాం. కారే చోట గిన్నె పెట్టి, తోక రంధ్రానికి ప్లాస్టిక్ కవరు తొడిగి రబ్బరు బ్యాండు వేశాం.

షాఫ్ట్‌ని బల్ల మీద రెండు చెక్కముక్కల మీద పెట్టాం. వైస్‌లో గొట్టాన్ని బిగించకండి, పల్చటి గొట్టం, నొక్కు పడితే పనైపోయినట్టే.

నాన్న తుడవనివ్వలేదు. "దుమ్ము చెబుతుంది, ఆగు" అన్నారు. వెనక జాయింట్ నాలుగు కప్పుల్లో రెండింటి అంచున పసుపు కుంకుమ కలిపినట్టు ఎర్రటి పొడి. వేళ్ల మధ్య నలిపితే జిడ్డు లేదు, పొడిగా రాలింది. గ్రీజు ఉన్న కప్పు నుంచి వచ్చేది నల్లగా జిడ్డుగా ఉంటుంది. పొడిగా, ఎర్రగా వచ్చిందంటే లోపల గ్రీజు అయిపోయి ఇనుమూ ఇనుమూ రాసుకుంటున్నాయి.

తర్వాత ఫ్లాంజ్‌ని వేళ్ల చివర్లతో పట్టుకుని నెమ్మదిగా అటూ ఇటూ వంచారు. ఒక దిశలో మెత్తగా వంగింది. రెండో దిశలో తిన్నగా ఉన్న చోటికి రాగానే టక్కుమని గాడిలో పడ్డట్టు ఆగింది. అక్కడి నుంచి కదపాలంటే వేళ్లు చాల్లేదు, చెయ్యంతా పెట్టాల్సి వచ్చింది. కాస్త వంగాక మళ్లీ వదులు. "చూడు" అని నా చేతికిచ్చారు. కళ్లకేమీ కనబడదు. వేళ్లకి మాత్రం స్పష్టంగా తెలుస్తుంది. మధ్యలో ఒక మెట్టు, దానికి అటూ ఇటూ నునుపు.

షాపుల్లో ఊపి చూసినప్పుడు ఇది ఎందుకు దొరకలేదో ఆ మెట్టే చెబుతుంది. క్రాస్ నాలుగు కాళ్ల మీద నాలుగు కప్పులుంటాయి, ఒక్కో కప్పులో సూదుల్లాంటి సన్నటి రోలర్లు. మా బండిలో షాఫ్ట్ దాదాపు తిన్నగానే ఉంటుంది కాబట్టి ఆ సూదులు పూర్తిగా దొర్లవు, ఉన్నచోటే కొద్ది డిగ్రీలు అటూ ఇటూ ఊగుతాయి. ఉప్పునీళ్లు సీల్ దాటి గ్రీజుని కడిగేశాక, ఒక్కో సూది క్రాస్ కాలి మీద తన గాడి తాను తవ్వుకుంటుంది. తిన్నగా ఉన్నప్పుడు సూదులన్నీ ఆ గాడుల్లో పడి బిగుసుకుంటాయి. షాఫ్ట్ బండికి బిగించి ఉన్నంతసేపూ జాయింట్ ఆ తిన్నటి స్థితిలోనే ఉంటుంది. ఊపితే లూజు ఎక్కడ కనబడుతుంది? అది లూజైన జాయింట్ కాదు, బిగుసుకుపోయిన జాయింట్. స్వేచ్ఛగా వంగలేక ఒక్కో చుట్టుకి రెండుసార్లు గొట్టాన్నీ డిఫరెన్షియల్ ముక్కునీ తోస్తోంది. ఫోన్‌లో 80 దగ్గర లేచిన మొన అదే.

మిగతా షాఫ్ట్‌ని కూడా వదల్లేదు. సెంటర్ బేరింగ్ తిప్పితే గరగర లేదు, చుట్టూ ఉన్న రబ్బరుని వేళ్లతో సాగదీసి చూస్తే పైపైన సన్నటి బీటలే. ముందు జాయింట్, మధ్య జాయింట్ మెత్తగా ఉన్నాయి. గొట్టం మీద నొక్కులు లేవు. బ్యాలెన్స్ కోసం అతికించిన చిన్న ఇనుప బిళ్లలు ఊడితే ఆ చోట తుప్పులేని నలుచదరపు మచ్చ కనబడుతుంది, అలాంటిది లేదు. స్లిప్ యోక్ మీద సీల్ రాసుకునే నున్నటి భాగంపై గోరు జారిస్తే ఎక్కడా తట్టలేదు. చివరగా బండి కిందికి మళ్లీ వెళ్లి డిఫరెన్షియల్ ఫ్లాంజ్‌ని పట్టుకుని పైకీ కిందికీ లాగి చూశాం, పీనియన్ బేరింగ్‌లో లూజు లేదు. షాఫ్ట్ అడ్డం లేనప్పుడే ఇది సరిగ్గా తెలుస్తుంది కాబట్టి ఈ అవకాశం వదులుకోవద్దు.

లారీ అయితే ఇక్కడి నుంచి నాన్నకి అరగంట పని. సర్క్లిప్పులు (కప్పు జారకుండా పట్టే స్ప్రింగు రింగులు) తీసి, సుత్తితో కప్పులు కొట్టి, కొత్త క్రాస్ వేసి, గ్రీజు గన్ పట్టడమే. సుబారు ఫ్యాక్టరీ షాఫ్ట్‌లో సర్క్లిప్ ఉండదు. కప్పు పెట్టాక యోక్ ఇనుముని చుట్టూ నొక్కి లోపలికి మడిచేస్తారు. గ్రీజు గన్ పట్టించే గ్రీజు నిప్పల్ కూడా లేదు. పోతే షాఫ్ట్ మొత్తం మార్చాలన్నది కంపెనీ పద్ధతి.

"మంచి గొట్టం, మంచి బేరింగు, ఒక్క క్రాస్ కోసం మొత్తం పారేస్తారా?" అని నాన్న చాలాసేపు బాధపడ్డారు. ఆయన మాట సరైనదే, కాని గరాజులో సుత్తితో చేసే పని కాదిది. యోక్ కన్ను ఏమాత్రం వంకరపోయినా, క్రాస్ వెంట్రుకవాసి మధ్య తప్పినా బ్యాలెన్స్ పోతుంది. డెట్రాయిట్ చుట్టుపక్కల ట్రక్కుల షాఫ్టులే చేసే వర్క్‌షాపులున్నాయి. అలాంటి ఒక చోటికి తీసుకెళ్లాం. మడతల్ని మరపట్టి తీసేసి, బయట సర్క్లిప్ పడే రకం క్రాస్, గ్రీజు నిప్పల్‌తో సహా వేసి, మెషీన్ మీద తిప్పి బ్యాలెన్స్ చేసిచ్చారు. కొత్త షాఫ్ట్ ధరలో సగం కూడా కాలేదు. అక్కడ లేత్ ముందు నాన్న గంటసేపు నిలబడ్డారు. ఆపరేటర్‌కి తెలుగు రాదు, నాన్నకి ఇంగ్లిష్ అంతంతమాత్రం. గేజ్ ముల్లు చూపిస్తూ ఇద్దరూ తలలూపుకుంటూనే ఉన్నారు.

పాత క్రాస్ అడిగి తీసుకున్నాం. రెండు కాళ్ల మీద సూదులన్నీ విడివిడిగా అచ్చుపడి ఉన్నాయి, నిలువుగా, పక్కపక్కన. గోరు పెడితే ఒక్కో గీతా తట్టుకుంటుంది. మిగతా రెండు కాళ్లు అద్దంలా ఉన్నాయి.

బిగించడం విప్పినదానికి తిరగేసిన వరసే. గేర్‌బాక్స్ తోక సీల్ ఎలాగూ చేతికందింది కాబట్టి కొత్తది వేశాం. యోక్‌కి ట్రాన్స్‌మిషన్ ఆయిల్ రాసి తిన్నగా తోశాం. ఫ్లాంజ్‌కి కొత్త సెల్ఫ్ లాకింగ్ నట్లు వేసి, గుర్తులు కలిపి, ఎదురెదురుగా కొంచెం కొంచెంగా బిగించి, ఆఖర్న మీ మోడల్ మాన్యువల్‌లో రాసిన టార్క్‌కి టార్క్ రెంచ్‌తో తేల్చాలి. బండి దించాక, నేల సమంగా ఉన్నచోట, ఇంజన్ వేడెక్కించి, అన్ని గేర్లూ ఒకసారి మార్చి, ఇంజన్ నడుస్తుండగానే ఆయిల్ మట్టం చూసి తగ్గినంత పోశాం. ఈ బండిలో ముందు డిఫరెన్షియల్‌కి వేరే డిప్‌స్టిక్ ఉంటుంది, అందులోది గేర్ ఆయిల్. పోసేముందు ఏ డిప్‌స్టిక్ ఏదో రెండుసార్లు చూసుకోండి.

అదే రోడ్డు, అదే 45 మైళ్లు. 80 దగ్గర మొన లేదు. 40 దగ్గరున్న చిన్నదీ సగానికి పడిపోయింది. నాన్న అద్దాలన్నీ ఎక్కించమని, ఏసీ ఆపమని, చెవి నేలవైపు వంచి విన్నారు. "ఇప్పుడు టైర్ల చప్పుడు వినిపిస్తోంది" అన్నారు. అంటే మిగతాదంతా పోయిందని.

గ్రీజు నిప్పల్ వచ్చింది కాబట్టి ఇకమీదట ఇంజన్ ఆయిల్ మార్చినప్పుడల్లా గ్రీజు కొట్టాలి. నాలుగు కప్పుల అంచుల నుంచీ పాత గ్రీజు కొంచెం కొంచెం బయటికి వచ్చేదాకా కొట్టాలని, ఒక్క కప్పు నుంచి రాకపోయినా ఆ కప్పుకి అందనట్టేనని నాన్న చెప్పారు. ఇండియా వెళ్లేముందు నాతో గ్రీజు గన్ కొనిపించారు.

బండి కింద పడుకుని ఉన్నప్పుడు ఇంకోటి కూడా కంటపడింది. ముందు కుడి చక్రం యాక్సిల్ లోపలి బూట్ (జాయింట్‌కి తొడిగే రబ్బరు తొడుగు) మడతలో చీలిక, దాని పక్కన సైలెన్సర్ గొట్టం మీద చిమ్మిన గ్రీజు. ఇంకా టకటక చప్పుడు మొదలవ్వలేదు, కాబట్టి జాయింట్ కడిగి కొత్త బూట్, కొత్త గ్రీజు వేస్తే సరిపోతుందనుకుంటున్నాను. యాక్సిల్ నట్‌కి 32 ఎంఎం సాకెట్ తెప్పించాను. అది విప్పాక ఎలా ఉందో రాస్తాను.